చలువ యంత్రపు నాడి

వేసవి ముదిరినకొలది మన పట్టణములలో ఎయిర్ కండిషనర్ల మరమ్మతు చేయువారికి తీరిక దొరకదు. విజయవాడలోనేమి, రామగుండములోనేమి, మే మాసపు మధ్యాహ్నమున గది చల్లబడకున్నచో ఇంటివారు వెంటనే మెకానిక్కునకు కబురు పంపుదురు. అతడు వచ్చి, వెలుపలి పెట్టెకు ఒక గొట్టము తగిలించి, గేజి వంక చూచి, "గ్యాసు తగ్గినదండీ, నింపవలెను" అనును. ఇంటివారు సొమ్ము చెల్లింతురు. మరుసటి వేసవికి మరల అదే మాట, అదే చెల్లింపు. ఇందులో గేజి చెప్పినదెంత, మనుష్యుడు ఊహించినదెంత? ఈ ప్రశ్నను గూర్చి శ్రోతలకు నాలుగు మాటలు మనవి చేయుదును.

మొట్టమొదట ఒక సంగతి గ్రహింపవలెను. ఎయిర్ కండిషనరులోని గ్యాసు మోటారు బండిలోని పెట్రోలు వంటిది కాదు. అది కాలిపోదు, అరిగిపోదు. మూసియున్న రాగి గొట్టములలో తిరుగుచు, గదిలోని వేడిని మోసికొనిపోయి బయట దింపి, మరల వచ్చుచుండును. ఎక్కడనో కారుచున్నగాని అది తగ్గుటకు కారణము లేదు. కనుక ఏటేట గ్యాసు నింపవలసి వచ్చుచున్నదనిన, కారుచోటు నెవ్వరును వెదకలేదనియైన అర్థము, లేదా తగ్గకుండగనే నింపుచున్నారనియైన అర్థము. ఈ రెండింటిలో ఏది నిజమో తేల్చుటకు కొలత కావలెను. ఆ కొలతకు సాధనమే మానిఫోల్డ్ గేజి.

ఒక లోహపు దిమ్మపై రెండు గడియారముల వంటి ముఖములు, రెండు చేతి మరలు, క్రింద మూడు రబ్బరు గొట్టములు: ఇదియే దాని రూపము. నీలి ముఖము తక్కువ పీడనమును, ఎర్ర ముఖము ఎక్కువ పీడనమును చూపును. నడుమనుండు పసుపు గొట్టము గ్యాసు సిలిండరునకో, గాలి తోడివేయు వ్యాక్యూం పంపునకో తగిలించుటకు. ముల్లు గల గేజి లోపల వంపు తిరిగిన బోలు గొట్టము ఒకటి యుండును. లోపలి పీడనము పెరిగినకొలది ఆ వంపు విచ్చుకొనజూచును. ఆ కదలికయే ముల్లును త్రిప్పును. ఫ్రాన్సు దేశీయుడైన యూజీన్ బుర్డోన్ 1849లో ఈ ఉపాయమునకు పేటెంటు పొందెను. నేడు అంకెలు చూపు ఎలక్ట్రానిక్ గేజీలు వచ్చినవి గాని, ముల్లు గేజీలన్నిటికిని ఆధారము నాటి ఆ వంపు గొట్టమే.

క్రొత్తగా పని నేర్చుకొనువారు తరచు పొరబడు చోటొకటి కలదు. చేతి మరలు మూసియుంచినను ముళ్లు పీడనమును చూపుచునే యుండును. ఆ మరలు తెరచునది నడిమి గొట్టపు దారిని మాత్రమే. కనుక కొలత తీయునపుడు రెండు మరలును మూసియుండవలెను.

ఇక గేజి చెప్పు సంగతి యేమి? అది చెప్పునది పీడన మొక్కటే. ఆ పీడనమునకు అర్థము వచ్చుట ఉష్ణోగ్రత వలన. మన వంటయింటి ప్రెషరు కుక్కరును తలచుకొనుడు. మూత లేని గిన్నెలో నీరు 100 డిగ్రీల సెంటిగ్రేడు వద్ద మరుగును. కుక్కరులో చదరపు అంగుళమునకు 15 పౌన్ల అదనపు పీడనము చేరగా అదే నీరు సుమారు 120 డిగ్రీల వద్దగాని మరుగదు. పీడనము పెరిగిన మరుగు స్థానము పెరుగును, తగ్గిన తగ్గును. చలువ యంత్రములోని గ్యాసునకును ఇదే ధర్మము. గదిలోని చుట్టగొట్టములలో, అనగా కాయిలులో, అది ద్రవముగా చేరి, తక్కువ పీడనమున మరుగుచు, గది వేడిని గ్రహించును. నీలి ముల్లు చూపు పీడనమును బట్టి కాయిలులో అది ఎన్ని డిగ్రీల వద్ద మరుగుచున్నదో పట్టికలో చూచి చెప్పవచ్చును.

అయితే ఆ పట్టిక గ్యాసు గ్యాసునకు వేరు. పాత యంత్రములలోని ఆర్-22 గ్యాసు 5 డిగ్రీల వద్ద మరుగుటకు చదరపు అంగుళమునకు సుమారు 70 పౌన్ల పీడనము చాలును. నేటి అనేక యంత్రములలో నున్న ఆర్-32 గ్యాసునకు అదే 5 డిగ్రీలకు 120 పౌన్లకు పైగా కావలెను. పాత అలవాటు చొప్పున ఎవరైన ఆర్-32 యంత్రమున 70 పౌన్లు చూచి "సరిగా నున్నది" అనినచో, ఆ కాయిలు సున్నకు దిగువ పది డిగ్రీల వద్ద నున్నదని యెరుగడన్న మాట. కావున గొట్టము తగిలించుటకు ముందుగా చదువవలసినది గేజిని కాదు. యంత్రముపై అంటించిన పేరు పలకను. అందు గ్యాసు పేరును, దాని తూకమును వ్రాసియుండును.

పీడనమును చూచి గ్యాసు ఎంతయున్నదో చెప్పవచ్చునా? చెప్పరాదు. వంట గ్యాసు సిలిండరే ఇందుకు సాక్షి. క్రొత్త సిలిండరులో 14.2 కిలోల గ్యాసు ఉన్నను, వాడుకలో కిలో మాత్రమే మిగిలినను, లోపల కొంత ద్రవము ఉన్నంతవరకు పీడనము వెలుపలి ఉష్ణోగ్రతను అనుసరించి ఒక్క తీరుననే యుండును. అందుచేతనే మనము సిలిండరును తూచి చూతుము. చలువ యంత్రమును ఆపి చాలసేపు ఉంచినపుడు గేజి చూపు పీడనము కూడ ఇట్టిదే. అందు గ్యాసు బొత్తిగా పోలేదని తెలియును గాని, ఎంత యున్నదో తెలియదు.

యంత్రము నడచుచున్నపుడు చూచిన మాత్రమున సందేహము తీరునా? ఒక ఉదాహరణము చెప్పెదను. రెండు ఇండ్లలో రెండు ఆర్-22 యంత్రములున్నవనుకొనుడు. రెండింట గది చల్లబడుట లేదు. రెండింట నీలి ముల్లు 60 పౌన్ల వద్దనే నిలిచినది. అనగా రెండింటను గ్యాసు సుమారు 1 డిగ్రీ వద్ద మరుగుచున్నది. గేజిని మాత్రమే నమ్మినవాడు రెండింటను గ్యాసు నింపును. ఇప్పుడు కంప్రెసరునకు తిరిగివచ్చు లావు గొట్టముపై ఉష్ణమాపకమును బిగించి చూతము. మొదటి ఇంట ఆ గొట్టము 17 డిగ్రీలు చూపినది. మరుగు స్థానముకంటె 16 డిగ్రీలు ఎక్కువ. ద్రవము చాలక, కాయిలు నడిమిలోనే ఆవిరియైపోయి, ఆ ఆవిరి మిగిలిన దారి పొడవున వేడెక్కినది. ఇక్కడ గ్యాసు తగ్గియుండవచ్చును, లేదా సన్నని దారిలో ఏదేని అడ్డుపడియుండవచ్చును. రెండవ ఇంట గొట్టము 3 డిగ్రీలే చూపినది. తేడా 2 డిగ్రీలు. ఇక్కడ గ్యాసు కొరత లేదు. కాయిలునకు గాలి తగులుట లేదు. వడపోత జల్లెడకు దుమ్ము పట్టియుండును, లేదా ఫ్యాను మందగించి యుండును. ఈ రెండవ యంత్రమునకు కావలసినది జల్లెడ కడుగుట. దానికి బదులు గ్యాసు నింపినచో మరుగని ద్రవము కంప్రెసరులోనికి పోయి, ఆవిరిని నొక్కుటకు చేసిన ఆ యంత్రమును చెరచును. ముల్లు ఒక్కటే, రోగములు రెండు, చికిత్సలు రెండు.

ఈ తేడాను పనివారు సూపర్ హీట్ అందురు. అట్లే ఎర్ర గేజి చూపు పీడనమునకు సరియగు ఉష్ణోగ్రతనుండి, వెలుపలి పెట్టె విడిచివచ్చు ద్రవపు గొట్టపు ఉష్ణోగ్రతను తీసివేసిన మిగులునది సబ్ కూలింగ్. ఆర్-22 యంత్రమున ఎర్ర ముల్లు 260 పౌన్లు చూపిన అది సుమారు 49 డిగ్రీలకు సరి. ద్రవపు గొట్టము 43 డిగ్రీలున్నచో తేడా 6. సూపర్ హీట్ పెరిగి, సబ్ కూలింగ్ తగ్గినచో గ్యాసు కొరత. రెండును పెరిగినచో దారిలో అడ్డు. ఇట్లు రెండు గేజీలు, రెండు ఉష్ణమాపకములు కలిసి సాక్ష్యము చెప్పినపుడే నిజము తేలును.

కొలత సరిగా రావలెనన్న కొన్ని నియమములు పాటింపవలెను. గొట్టములు తగిలింపకముందు ముళ్లు సున్న వద్ద నున్నవో లేవో చూచి, లేనిచో సవరింపవలెను. గొట్టములలోని గాలి యంత్రములోనికి పోకుండ ముందుగా తీసివేయవలెను. ఆ గాలి చేరినచో ఎర్ర ముల్లు అబద్ధము చెప్పును. జల్లెడలు కడిగి, తలుపులు మూసి, యంత్రమును పదిహేను నిమిషములైన నడిపిన పిమ్మట చూడవలెను. ముల్లును ప్రక్కనుండి గాక ఎదురుగ నిలిచి చదువవలెను. ఉష్ణమాపకమును శుభ్రపరచిన గొట్టమునకు గట్టిగా హత్తించి, బయటి గాలి తగులకుండ చుట్టవలెను. ఎండ తగిలిన గొట్టముపై తీసిన కొలత ఎండ కొలతయే యగును.

గేజికిని హద్దులున్నవి. మన ఇండ్లలోని స్ప్లిట్ యంత్రములలో పెక్కింటికి గేజి తగిలించు చోటు ఒక్కటే, తక్కువ పీడనపు వైపున నుండును. అట్టి చోట సబ్ కూలింగ్ తీయుట సాధ్యము కాదు. ఇన్వర్టరు యంత్రములలో కంప్రెసరు వేగము క్షణక్షణము మారుచుండుటచే ముల్లును మారుచుండును. తయారీదారు చెప్పిన పరీక్షా విధానమున నిలకడగా నడిపిననే తప్ప అందలి అంకెకు విలువ లేదు. అనుమానమున్నచోట ఉత్తమ మార్గ మొక్కటే: ఉన్న గ్యాసును గాలిలోనికి విడువక సిలిండరులోనికి పట్టి, కారుచోటు బాగుచేసి, వ్యాక్యూం చేసి, పేరు పలకపై నున్న తూకము ప్రకారము త్రాసుపై నింపుట.

వ్యాక్యూం విషయమునను నీలి ముల్లును పూర్తిగా నమ్మరాదు. అది సున్నకు దిగువ 30 అంగుళముల వరకు పోవును గాని, లోపలి తేమ పోయినదో లేదో చెప్పజాలదు. పాదరసపు మిల్లీమీటరులో వెయ్యవ వంతును మైక్రాన్ అందురు. సాధారణముగ 500 మైక్రాన్లకు దింపవలెనని నియమము. 500కును 5,000కును గల తేడా ఆ ముల్లునకు కనబడదు. అందుకు ప్రత్యేకమగు మైక్రాన్ గేజి కావలెను.

ప్రాణభయము గల విషయములును కొన్ని కలవు. ఆర్-32 కొంత మండు స్వభావము గలది. ఆర్-290 అనబడు ప్రొపేను బాగుగా మండునది. వీటి దగ్గర నిప్పు, సిగరెట్టు పనికిరావు. గది తలుపులు తెరచి పనిచేయవలెను. క్రొత్త గ్యాసుల అధిక పీడనమునకు తగిన గేజీలు, గొట్టములు వాడవలెను; ఆర్-22 కొరకు చేసిన పాత సరంజామా ఆర్-32కు తగదు. కారుచోటు వెదకుటకు పొడి నైట్రోజనును మాత్రమే, రెగ్యులేటరు ద్వారా, పంపవలెను. ఆక్సిజను పంపరాదు, లోపలి నూనెతో కలిసిన అది ప్రేలును. బయటకు చిమ్మిన ద్రవము సున్నకు దిగువ నలుబది, ఏబది డిగ్రీల చల్లదనము గలది గనుక కన్నులకు అద్దములు, చేతులకు తొడుగులు తప్పవు.

గాలిలోనికి పోయిన గ్యాసు కంటికి కనబడదు గాని, దాని ఫలము కనబడును. నూరు సంవత్సరముల లెక్కలో ఒక కిలో ఆర్-22 భూమిని వేడిచేయుటలో సుమారు 1,800 కిలోల బొగ్గుపులుసు వాయువునకు సమానము; ఆర్-32 సుమారు 675 కిలోలకు సమానము. ఆర్-22 పైగా ఓజోను పొరను కూడ చెరచును. ఓజోనును కాపాడుటకు 1987లో మాంట్రియల్‌లోను, భూతాపము పెంచు గ్యాసులను తగ్గించుటకు 2016లో కిగాలీలోను దేశములు ఒప్పందములు చేసికొన్నవి. కిగాలీ సవరణను భారతదేశము 2021లో ఆమోదించినది. ఆ ఒప్పందములు నెరవేరవలసినది సభా మందిరములలో కాదు, మన మేడల మీద, కిటికీల ప్రక్కన, మెకానిక్కు చేతి మర త్రిప్పుచోటనే. కారుచోటు వెదకకుండ ఏటేట నింపుట యనిన, గదిని చల్లబరచుటకు ఊరిని వేడిచేయుటయే.

కావున ఇంటివారు ఈసారి మెకానిక్కును మూడు మాటలు మర్యాదగా అడుగవచ్చును. "గేజి యెంత చూపినదండీ? గొట్టపు ఉష్ణోగ్రత యెంత? గ్యాసు తగ్గినచో కారుచోటెక్కడ?" పని తెలిసినవాడు ఈ ప్రశ్నలకు కోపగింపడు, సంతోషించును. ఎండలో మేడలెక్కి పనిచేయు ఆ మనుష్యునకు తొందరపెట్టక, కొలత తీయుటకు కావలసిన అరగంట వ్యవధి యిచ్చుట ఇంటివారి ధర్మము. ఆ అరగంటలో తీసిన రెండు అంకెలను ఒక కాగితముపై తేదీతో వ్రాసి యుంచుకొనుడు. మరుసటి వేసవిలో ఆ కాగితము గేజికి తోడుగా నిలిచి, యంత్రము మారినదో లేదో చెప్పును.