మెలానియా బానిసలు ఎందుకు తిరగబడ్డారు?



మాస్టారి పేరిట ఏటా జరిగే ఈ ఉపన్యాసానికి నన్ను పిలిచినందుకు కృతజ్ఞుణ్ణి. ఆయన పాండిత్యం సంగతి ముందు వరుసలో కూర్చున్న శిష్యులకు నాకంటే బాగా తెలుసు. నాకు తెలిసిన మాస్టారు, పుస్తకం అరువు తీసుకుంటే ఒక పట్టాన తిరిగివ్వని మనిషి. ఇచ్చినా అంచుల నిండా పెన్సిలు గీతలతో ఇచ్చేవారు. పునీత మెలానియా చరిత్ర నా ప్రతిలో, పదో అధ్యాయం పక్కన, ఆవిడ బానిసలనుద్దేశించి ‘కృతఘ్నులు’ అని రాసిపెట్టారు. నా పేచీ అంతా దానితోనే. ఆయన ఉన్నన్నాళ్లూ వాదించాను. ఇప్పుడు ఎదురుచెప్పడానికి ఆయన లేరు కాబట్టి ధైర్యం చేస్తున్నానని మీరనుకుంటే అనుకోండి.

కథ తెలిసిందే, గబగబా కానిచ్చేస్తాను. క్రీ.శ. 383 ప్రాంతంలో రోములో, సెనేటర్ల వంశంలో మెలానియా పుట్టింది. 14వ ఏట పినియానస్‌తో పెళ్లి. పుట్టిన ఇద్దరు బిడ్డలూ దక్కలేదు. 20వ ఏటికల్లా దంపతులు సంసారం విడిచి ఆస్తులు అమ్మి పంచడం మొదలుపెట్టారు. ఆఫ్రికాలో తగాస్తెలో ఏడేళ్లు, ఆపైన జెరూసలేము, ఒలీవల కొండ మీద మఠాలు, 439 డిసెంబరు 31న మరణం. హిప్పోలో జనం పినియానస్‌ను బలవంతాన గురువును చేయబోయిన గలాటా, దాని మీద అగస్టీను రాసిన ఉత్తరాలూ రసవత్తరంగా ఉంటాయి గానీ ఇవాళ వాటి జోలికి పోను.

అసలు విషయానికొస్తాను. పల్లాడియస్ 420 ప్రాంతంలో రాసిన సన్యాసుల చరిత్రలో, మెలానియా కోరుకున్న 8,000 మంది బానిసలకు విడుదల ఇచ్చిందనీ, విడుదల వద్దని ఆమె సోదరుడి కింద ఉంటామన్నవాళ్లను మూడు నాణేలకు అతనికి వదిలేసిందనీ చెప్పాడు. మాస్టారి వాదం నిలబడింది ఈ ఒక్క మాట మీదే: స్వేచ్ఛ చేతికిస్తే కాలదన్నుకున్నవాళ్లు కృతఘ్నులు కాక మరేమిటి?

ఇప్పుడు జెరోంటియస్ ఏమంటాడో చూడండి. మెలానియా మఠంలోనే బతికినవాడు, ఆవిడ చరిత్ర రాసినవాడు. ఆ చరిత్ర లాటిన్ పాఠాన్ని కార్డినల్ రంపొల్లా 1905లో అచ్చువేశాక పండితుల లెక్కలు మారాయి. 1984లో దాని గ్రీకు పాఠానికి ఎలిజబెత్ క్లార్క్ ఇంగ్లీషు అనువాదం వచ్చాక, గ్రీకు రాని నాలాంటి వాళ్లకూ దారి దొరికింది. రోము శివార్లలోని బానిసలు తిరగబడ్డారని జెరోంటియస్ చెబుతాడు. అమ్మితే ఒప్పుకోమన్నారట. అమ్మక తప్పదంటే సంతలో వద్దు, పినియానస్ సోదరుడు సెవెరసే కొనుక్కోవాలి అన్నారట. జెరోంటియస్ తప్పంతా సెవెరస్ మీదా, అతని వెనకున్న సైతాను మీదా వేశాడు. వేయనివ్వండి. బానిసలు అన్న మాటలో మాత్రం విడుదల ఊసే లేదు. వాళ్లు వద్దన్నది సంతను. అడిగింది తెలిసిన ఇంటి నీడను. పల్లాడియస్ ‘వద్దన్నారు’ అని ఒక్క ముక్కలో తేల్చేసింది వీళ్లనే అని నా వాదం. తన తల్లిలాంటి పునీతురాలి మీద బానిసలు లేచారన్న సంగతి దాచుకోవాల్సిన మనిషే బయటపెట్టాడంటే, ఆ సాక్ష్యానికి బరువెక్కువ.

దీనికి మాస్టారు చట్టం చూపించేవారు. వాలెంటీనియన్ చక్రవర్తి కాలపు శాసనం ప్రకారం, పన్ను చిట్టాకెక్కిన పొలం బానిసలను భూమి లేకుండా విడిగా అమ్మకూడదు, కాబట్టి వాళ్ల భయం ఉత్తదే అని. అయ్యా, ఎవరూ చేయని పనిని నిషేధిస్తూ శాసనం ఎవరు రాస్తారు? అంతకుముందే కాన్‌స్టంటైన్, సార్డీనియాలో రాచభూములు పంచేటప్పుడు బానిస కుటుంబాలను చీల్చారని కోప్పడి, భార్యాభర్తలనూ పిల్లలనూ ఒకే యజమాని కింద ఉంచమని ఆజ్ఞ ఇచ్చాడు. సాక్షాత్తూ చక్రవర్తి భూముల్లోనే తల్లి ఒకచోట, బిడ్డ ఒకచోట అయిపోతే, ఒక సెనేటర్ ఇంట ఆస్తులన్నీ ఒక్కసారి అమ్మకానికి పెడుతున్నారన్న కబురు విన్నవాళ్లకు గుండె గుభేలుమనదా?

ఇంకోటి. ఆ 8,000 మందికి కాళ్ల కింద గుంట భూమి ఇచ్చారా, పనిముట్లు ఇచ్చారా? పల్లాడియస్ చెప్పడు. ఏటా 1,20,000 బంగారు నాణేల రాబడి ఉన్న ఇల్లది. ఆ సొమ్ము మఠాలకూ, దీవులకూ, ఈజిప్టు ఎడారి సన్యాసులకూ వెళ్లిన వివరం ఉంది. మెలానియా దంపతులు భయపడింది కూడా బానిసల గతి గురించి కాదు. రోము పక్కనున్నవాళ్లే ఇలా చేస్తే స్పెయిను, సిసిలీ, ఆఫ్రికా, బ్రిటన్‌లలో ఉన్నవాళ్లు ఇంకేం చేస్తారోనని. అందుకే హొనోరియస్ చక్రవర్తి అత్తగారు సెరీనాను ఆశ్రయించారు. ఆస్తులను రాష్ట్రాధికారులే తమ పూచీ మీద అమ్మి సొమ్ము పంపాలని చక్రవర్తి ఆజ్ఞ పుట్టింది. శివార్ల బానిసలను జెరోంటియస్ అక్కడే వదిలేస్తాడు.

నేను వదలదలుచుకోలేదు. కొంతకాలంగా నాలుగు, అయిదు శతాబ్దాల పునీతుల చరిత్రల్లో బానిసలూ దాసీలూ కనిపించే ప్రతి చోటూ పట్టికకెక్కిస్తున్నాను. జెరోము రాసిన పౌలా చరిత్రలో, పెద్దింటి స్త్రీలు మఠానికి తమ ఇంటి దాసిని తెచ్చుకోకూడదన్న నియమం ఉంది. ఆ దాసి ఏమైపోయింది? మెలానియా చరిత్రలోనే, కొత్త పెళ్లికూతుర్ని స్నానశాలకు పంపితే, ఒంటి సుఖం ఇష్టంలేక కళ్లు మాత్రం కడుక్కుని, బట్టతో తుడుచుకుని, వెంట వచ్చినవాళ్లకు కానుకలిచ్చి ‘ఎవరితోనూ చెప్పకండి’ అంటుంది. చెప్పలేదు వాళ్లు. దొరికిపోతే దెబ్బలు తినేది ఎవరో మీకు వేరే చెప్పాలా? పునీతత్వం మొదటి మెట్టు మీద ఆవిడ రహస్యాన్ని కాచినవాళ్లకు చరిత్రలో పేర్లు లేవు.

పట్టిక సగం కూడా కాలేదు. సిరియాక్ చరిత్రలు నేను ముట్టుకోనేలేదు, ఆ భాష నాకు రాదు. ధర్మకర్తలు ఇక్కడే ఉన్నారు కాబట్టి మొహమాటం లేకుండా అడుగుతున్నాను: మాస్టారి నిధి మీద వచ్చే వడ్డీలోంచి ఒక్క పరిశోధక విద్యార్థికి వేతనం ఇప్పిస్తే, లాటిన్ భాగం నేను దగ్గరుండి నేర్పిస్తాను.