క్యోటోలో గైడు చూపించని చోట్లు

(కార్యకర్తల శిక్షణ తరగతిలో చేసిన ప్రసంగ పాఠం)



జపాన్ పోయొచ్చారు గదా, అక్కడ ఏం చూశారు, ఏం తిన్నారు అని మమ్మల్ని చాలామంది అడుగుతున్నారు. మేము నలుగురం పోయాం. మనలాంటి వాళ్లే పిలిచిన మీటింగుకి పోయాం. ఆ మీటింగు సంగతులు ఇంకోసారి వివరంగా చెప్పుకుందాం. ఈ పూట ఒక్క రోజు సంగతి మాత్రం చెబుతాం. ఆ రోజు మేము టూరిస్టు బస్సెక్కి, గైడు వెంట క్యోటో నగరం చూశాం.

ఊరు చూసిరావడం గూడా ఉపన్యాసమేనా అనుకోవద్దు. ఊరు చూపించేవాళ్లు ఏది చూపిస్తారు, ఏది దాటేస్తారు అన్నదాంట్లో రాజకీయం ఉంది. బడిలో పాఠం చెప్పేవాళ్లం గాబట్టి ఈ సంగతి మాకు ఎరికే. పుస్తకంలో రాజుగారి పెళ్లిళ్లు ఉంటాయి. రాజుగారి కోటకి రాయి మోసినవాడి పేరు ఉండదు.

క్యోటో జపాన్‌కి పాత రాజధాని. 794లో కన్ము చక్రవర్తి కట్టించాడు. చీనా దేశపు రాజధాని చాంగాన్‌ని చూసి, చదరంగం పలకలాగా వీధులు గీయించాడు. 1868 తర్వాత చక్రవర్తి టోక్యోకి మారిందాకా, వెయ్యేళ్లకి పైగా రాజు కొలువు పేరుకి అక్కడే. ఇప్పుడు లోకం నలుమూలల నుంచీ జనం వచ్చి చూసిపోతారు. పొద్దున ఎక్కించుకొని సాయంత్రం దించే బస్సులు ఉన్నాయి. చేతిలో చిన్న జెండా పట్టుకొని ఒక పెద్దావిడ మా ముందు నడిచింది. మంచి మనిషి. ఒకరు వెనకబడితే ఆగి తీసకపోయింది. ఆమెను మేము తప్పు పట్టడం లేదు. ఆమెకి నేర్పిన పాఠం ఆమె చెప్పింది. కాకపోతే మా వెంట ఇద్దరు బురాకు మిత్రులు వచ్చారు. ఆమె చెప్పింది ఒక చెవితో, వాళ్లు చెప్పింది ఇంకో చెవితో విన్నాం.

బురాకు అంటే ఎవరు? ముందు అది తెలియాలి. జపాన్‌లో వాళ్ల రంగు వేరు కాదు, భాష వేరు కాదు, దేవుడు వేరు కాదు. పక్కన నిలబెడితే ఎవరు ఎవరో చెప్పలేం. చచ్చిన గొడ్డుని తీసేది, తోలు ఊనేది, చెప్పులు కుట్టేది, శవాలు మోసేది, ఉరిశిక్షలు అమలు చేసేది వాళ్ల తాతలు. అందుకని అంటరానివాళ్లు. 1603 నుంచి 1868 దాకా ఏలిన తొకుగావా పాలకులు ఈ కట్టుబాటుని చట్టంగా బిగించారు. ఒక పేరు 'ఎతా'. ఆ మాట రాసే అక్షరాలకి 'మహా మైల' అని అర్థం. ఇంకో పేరు 'హినిన్'. అంటే మనిషి కానివాడు. బురాకు అన్న మాటకి అసలు అర్థం పల్లె. మన జిల్లాల్లో గూడా 'పల్లెలోళ్లు' అంటే ఎవరో అందరికీ తెలుసు గదా! సముద్రాల అవతల గూడా అదే మాట, అదే ఏవగింపు.

ఇక బస్సు సంగతి. మొదట నిజో కోట. తొకుగావా ఇయెయాసు 1603లో కట్టించింది. నడిస్తే పిట్ట కూసినట్టు చప్పుడు చేసే చెక్క నేల ఉంది. జనం దాని మీద అటూ ఇటూ నడిచి నవ్వుకున్నారు. మేమూ నవ్వుకున్నాం. ఈ కోటలో కూర్చొని చేసిన ఏలుబడిలోనే మమ్మల్ని మనుషుల లెక్క నుంచి తీసేశారని మా మిత్రుడు మెల్లగా అన్నాడు.

తర్వాత గింకాకుజీ, వెండి మందిరం అంటారు. అషికాగా యోషిమాసా అనే సేనాధిపతి 1482లో తన విడిదిగా మొదలుపెట్టాడు. అక్కడి తోట అందం చెప్పడానికి మాటలు చాలవు. తెల్ల ఇసుక, నాచు, రాయి, నీళ్లు అన్నీ ఎవరో ఆలోచించి పెట్టినట్టు ఉంటాయి. గైడు యోషిమాసా గొప్ప రసికుడని చెప్పింది. మరి ఆ రాళ్లు ఎవరు పెట్టారు? ఆ కాలంలో తోటలు చేసినవాళ్లు 'కవారామోనో'. అంటే ఏటిగట్టు మనుషులు. క్యోటో నడుమ కామో ఏరు పారుతుంది. ఆ ఏటి ఇసుక మీద పన్ను లేదు. తోళ్లు కడగడానికి నీళ్లు ఉన్నాయి. ఎక్కడా చోటు లేనివాళ్లు అక్కడ గుడిసెలు వేసుకున్నారు. వాళ్లలో జెనామి అనే ముసలాయన యోషిమాసాకి తోటలు చేసి గొప్ప పేరు తెచ్చుకున్నాడు. జెనామి మనవడు మతాషిరో ఒక సన్యాసితో తన గోడు చెప్పుకుంటే ఆ సన్యాసి 1489లో తన దినచర్య పుస్తకంలో రాసుకున్నాడు. గొడ్లు కోసే ఇంట పుట్టినందుకు తనకి దుఃఖంగా ఉందనీ, అందుకే ప్రాణం తీయననీ, డబ్బుకి ఆశపడననీ అన్నాడట. చూడండి, దేశం మొత్తం మెచ్చే తోటలు చేసిన ఇంటివాడు పుట్టుకకి సిగ్గుపడాల్సి వచ్చింది. సిగ్గుపడాల్సింది ఎవరు?

రియోఆంజీ అని ఇంకో గుడి ఉంది. తెల్లటి గులక మీద పదిహేను రాళ్లు. ఎక్కడ కూర్చొని చూసినా ఒక రాయి కనపడదని గైడు చెప్పింది. అక్కడ ఒక రాతి వెనక ఇద్దరి పేర్లు చెక్కి ఉన్నాయి. తోటలో పని చేసిన ఏటిగట్టు మనుషుల పేర్లని చెప్పే పండితులు ఉన్నారు. బస్సులో ఆ మాట రాలేదు.

ఇంకో సంగతి. జపాన్ పెద్ద డోళ్లని మీరు టీవీలో చూసే ఉంటారు. 'తైకో' అంటారు. గుడిలో అవే, పండగలో అవే. ఆ డోలుకి తోలు ఊని బిగించే పని ఎక్కువగా బురాకు వాళ్లది. డోలు గుడిలోకి పోతుంది, చేసినవాడు బయట ఉంటాడు. మన డప్పు సంగతి మీకు చెప్పాలా? డప్పు లేందే జాతర లేదు. డప్పు కొట్టినవాడికి గుళ్లో చోటు లేదు. క్యోటోలో గియోన్ పండగ చాలా పెద్దది. పాతకాలంలో ఆ గుడి కింద 'ఇనుజినిన్' అనే కడజాతి వాళ్లు ఉండేవాళ్లు. ఆ పేరులో కుక్క అన్న మాట ఉంది. శవాలూ అశుద్ధం ఎత్తేది వాళ్లే, ఊరేగింపు ముందు నడిచేదీ వాళ్లే. పండగ ఊరేగింపు ముందు మన మాదిగ అన్నలు నడవడం లేదా? ముందు నడిపించడం గౌరవం కాదు, మైలని ముందే ఊడ్పించడం.

మనలో చాలామందిమి బాబాసాహెబ్ చూపిన దారిలో బుద్ధుణ్ని గౌరవించేవాళ్లం. 1956 అక్టోబరు 14న నాగపూర్‌లో లక్షలమందితో ఆయన ఆ దారి పట్టారు. అందుకని ఈ మాట దాచకుండా చెప్పాలి. క్యోటో నిండా బౌద్ధ గుళ్లే. ప్రాణిని చంపరాదన్న మాటని పట్టుకొని, గొడ్డు కోసేవాణ్ని పాపాత్ముణ్ని చేసింది అక్కడి పూజారి వర్గమే. జపాన్‌లో మనిషి చచ్చాక గుడిలో కొత్త పేరు పెడతారు. బురాకు మనిషి చస్తే ఆ పేరులో పశువు అన్న అర్థం వచ్చే అక్షరం చెక్కినవి ఉన్నాయి. సమాధి రాయి మీద గూడా కులం! తర్వాత కాలంలో బురాకు సంఘాలు నిలదీస్తే కొన్ని బౌద్ధ శాఖలు తప్పు ఒప్పుకొని ఆ పేర్లు మార్చే పనికి పూనుకున్నాయి. ఏ మతం పేరు పెట్టుకున్నా, అడిగేవాళ్లు లేకపోతే కులం అందులోకి దూరుతుందని మేము నేర్చుకున్నాం.

మధ్యాహ్నం హెయాన్ మందిరానికి పోయాం. నగరానికి 1100 ఏళ్లు నిండాయని 1895లో కట్టింది. ముందు పెద్ద ఎర్ర తోరణం. బస్సు నిండా జనం దాని కింద నిలబడి ఫోటోలు దిగారు. ఆ చుట్టుపక్కల ప్రాంతాన్నే ఒకాజాకి అంటారు. మా మిత్రులు మమ్మల్ని పక్కకి పిలిచి, కొంచెం దూరం నడిపించి, ఒక రాయి చూపించారు. మేము క్యోటో పోయింది ఆ రాయి కోసమే అనిపించింది.

1922 మార్చి 3న అక్కడి టౌనుహాలులో దేశం నలుమూలల నుంచీ బురాకు వాళ్లు వేలమంది పోగయ్యారు. 'సుయిహెయ్‌షా' అనే సంఘం పెట్టుకున్నారు. సుయిహెయ్ అంటే నీటిమట్టం. నీళ్లు నిలిచినప్పుడు ఎచ్చుతగ్గులు ఉండవు గదా, అట్లాంటి సమాజం కావాలని ఆ పేరు. సైకో మంకిచి అనే యువకుడు ప్రకటన రాశాడు. జాలి చూపిస్తామంటూ వచ్చినవాళ్లు మనుషుల్ని ఇంకా కిందికి తోశారు, ఇక మా విముక్తి మేమే సాధించుకుంటాం, 'ఎతా' అని గర్వంగా చెప్పుకునే రోజు వచ్చింది అని దాని సారం. ముళ్ల కిరీటం గుర్తు ఆ సంఘం జెండా అయింది. యమదా కొనోజిరో అనే పదహారేళ్ల పిల్లవాడు లేచి, బడిలో తాను పడ్డ అవమానం చెబితే హాలంతా ఏడ్చింది. టీచర్లుగా ఆ మాట విన్నప్పుడు మాకు మా బడులే గుర్తొచ్చాయి.

ఇప్పుడు మన సంగతి చూడండి. హరిజనులన్న జాలిపేరు మాకొద్దన్నాం. 1994లో ప్రకాశం జిల్లా ఈదుముడిలో మొదలైన దండోరా, తిట్టుగా వాడిన కులం పేరుని మా తమ్ముళ్ల పేర్ల చివర గర్వంగా నిలబెట్టింది. నీళ్ల సంగతి గూడా అంతే. 1927 మార్చి 20న మహద్ చెరువులో బాబాసాహెబ్ దోసిలి ముంచారు. 1985లో కారంచేడు నెత్తురు పారింది గూడా మంచినీళ్ల చెరువు కాడ మొదలైన గొడవతోనే. ఎవరూ ఎవరికీ నేర్పలేదు. దెబ్బ ఒకటే గాబట్టి జవాబూ ఒకటే అయింది. ఆ సుయిహెయ్‌షాని చూసి 1923లో కొరియాలో గొడ్లు కోసే పెక్‌జోంగ్ కులం వాళ్లు గూడా సంఘం పెట్టుకున్నారు. రెండు సంఘాలూ ఒకరికొకరు రాసుకున్న కాగితాలను 2016లో యునెస్కో ఆసియా పసిఫిక్ జ్ఞాపకాల పట్టికలో చేర్చారు.

చట్టం ఏం చేసింది అని మీరు అడగొచ్చు. 1871లోనే ఎతా, హినిన్ పేర్లు రద్దు చేస్తూ ఆజ్ఞ వచ్చింది. పేరు పోయింది, తోలుపని మీద ఉన్న హక్కూ పోయింది, భూమి మాత్రం రాలేదు. వాళ్లని సమానుల్ని చేశారని కోపంతో పక్క రైతులు కొన్ని చోట్ల వాళ్ల ఇళ్లు తగలబెట్టారు. 1969లో ప్రత్యేక చట్టం వచ్చి ఇళ్లూ రోడ్లూ బడులూ కొంత బాగుపడ్డాయి. అది 2002లో ముగిసింది. 2016లో బురాకు వివక్ష ఇంకా ఉందని ఒప్పుకుంటూ ఇంకో చట్టం చేశారు.

ఇక్కడ ఒక చిక్కు సంగతి ఉంది. జాగ్రత్తగా వినండి. 1975లో జపాన్‌లో ఒక రహస్య పుస్తకం బయటపడింది. బురాకు పల్లెలు ఎక్కడెక్కడ ఉన్నాయో రాసిన జాబితా అది. ఉద్యోగం ఇచ్చేముందు పిల్లవాడి అడ్రసు చూసి తీసేయడానికి 200కి పైగా కంపెనీలు అట్లాంటివి కొన్నాయి. పెళ్లి సంబంధాలకి గూడా వాడారు. అంటే చూపించకపోవడమే కాదు, వేలుపెట్టి చూపించడం గూడా దెబ్బే. అందుకే మా మిత్రులు ముందే చెప్పారు: ఇళ్ల ఫోటోలు తీయొద్దు, ఎవరి పేరూ రాయొద్దు అని. మేము ఆ మాట తప్పలేదు. సాయంత్రం బస్సు దిగాక మమ్మల్ని ఒకే ఒక్క చోటుకి తీసకపోయారు, వాళ్లంతట వాళ్లు తలుపు తెరిచిన చోటుకి. అది యనగిహారా బ్యాంకు. తోలు వ్యాపారం చేసే బురాకు వాళ్లకి బ్యాంకులు అప్పు ఇయ్యకపోతే, 1899లో వాళ్లే బ్యాంకు పెట్టుకున్నారు. ఆ పాత చెక్క భవనాన్ని 1997లో మ్యూజియం చేశారు. గైడు మౌనం ఒకటి, జాబితా అమ్మేవాడి వేలు ఇంకొకటి. ఈ రెండూ కాకుండా, మా కథ మేమే చెబుతాం అన్న మూడో దారి అక్కడ కనపడింది.

మనం చేయాల్సింది ఆ మూడో దారి పనే. హైదరాబాదు పోతే 1591 నాటి చార్మినార్ చూపిస్తారు, గోలకొండ చూపిస్తారు. చూడాల్సిందే. 1910 నుంచి భాగ్యరెడ్డివర్మ మన పిల్లలకి బడులు పెట్టిన పేటలు మాత్రం మేము ఎక్కిన ఏ బస్సూ చూపించలేదు. విజయవాడ పోతే కొండ మీద గుడి చూసొస్తాం. 1917లో ఆయన అధ్యక్షతన మనవాళ్లు సభ పెట్టి, పంచములం కాదు ఆది ఆంధ్రులం అని చెప్పుకున్నది ఆ ఊళ్లోనే అని మన పిల్లలకి ఎవరు చెప్పాలి?

కాబట్టి ఒక పని ఒప్పుకొని పోదాం. వచ్చే తరగతికి ప్రతి పల్లె నుంచీ ఇద్దరు పిల్లలు, ఒక ఆడపిల్ల ఒక మగపిల్లవాడు, నోటుబుక్కు రాసుకొని రావాలి. మీ ఊరి చెరువు కట్టకి మట్టి మోసింది ఎవరు? తూము కాడ నీళ్లు కట్టింది ఎవరు? మోట బొక్కెనకి తోలు కుట్టింది ఎవరు? మన పల్లెలో మొదట బడికి పోయింది ఎవరు, వాళ్లని ఎక్కడ కూర్చోబెట్టారు? ముసలమ్మల్నీ తాతల్నీ అడగండి. వాళ్లు చెప్పొద్దన్నది రాయొద్దు. చెప్పమన్నది వాళ్ల మాటల్లోనే రాయండి. వేసవి సెలవుల్లో బడి పిల్లల్ని వెంటబెట్టుకొని మన ఊళ్లు మనమే చూపిద్దాం. జెండా పట్టుకొని ముందు నడిచేది ఆ నోటుబుక్కు రాసిన పిల్లలే కావాలి.

జై భీమ్.