నవ్వించే మనిషి బాధ చెబితే

వంట ముగించుకొని, గిన్నెలు సర్దుకొని, కాస్త నడుం వాల్చే వేళ ఇది. ఈ వేళప్పుడు బరువైన సంగతులు చెప్పి మిమ్మల్ని విసిగించను. సినిమా కబుర్లే చెబుతాను. అయితే తిరిగి తిరిగి మన ఇంటి ముచ్చట దగ్గరికే వస్తాను. ముందే చెప్పేస్తున్నాను సుమండీ!

మొన్నొక ఆదివారం పిల్లలూ, నేనూ కూర్చొని "రంగమార్తాండ" చిత్రం చూశాం. 2023లో ఉగాదికి విడుదలైన చిత్రం అది. కృష్ణవంశీ గారు తీశారు. మరాఠీలో 2016లో వచ్చిన "నటసమ్రాట్"కు ఇది తెలుగు రూపం. దానికి మూలం శిర్వాడ్కర్ గారు రాసిన నాటకం. జీవితమంతా రంగస్థలం మీద వెలిగిన ఒక నటుడు, ఉన్న ఆస్తి పిల్లలకు పంచి ఇచ్చి, తర్వాత ఆ పిల్లల ఇళ్ళలోనే చోటు లేక తిప్పలు పడడం అందులోని కథ. ఆ నటుడుగా ప్రకాశ్‌రాజ్ వేశారు. అతని ప్రాణస్నేహితుడైన చక్రపాణి అనే మరో రంగస్థల నటుడి పాత్ర బ్రహ్మానందం గారిది.

బ్రహ్మానందం తెర మీద కనపడగానే మా పిల్లలు పకపకా నవ్వారు. ఆయన ఇంకా నోరు తెరవనే లేదు! ఇప్పటి పిల్లలకు ఆయన ముఖం సినిమాల్లో కంటే సెల్‌ఫోన్లలోనే ఎక్కువ పరిచయం. ఎవరికి ఏ సందేశం పంపాలన్నా ఆయన బొమ్మ ఒకటి పెట్టేస్తారు. "ఉండండిరా" అని కసిరాను గాని, నిజం చెప్పొద్దూ, నాకూ నవ్వు వచ్చింది. తీరా ఆస్పత్రి మంచం మీది ఘట్టం వచ్చేసరికి ఇల్లంతా సద్దుమణిగింది. మా చిన్నవాడు నా కొంగు పట్టుకొని, "అమ్మా, ఈయన నిజంగానే ఏడుస్తున్నాడా?" అని అడిగాడు.

ఆ ప్రశ్న నా మనసులో నాటుకుపోయింది. అందుకే ఈ ప్రసంగం.

బ్రహ్మానందం గారు సినిమాల్లోకి రాకముందు అత్తిలిలో తెలుగు ఉపన్యాసకులు. 1987లో జంధ్యాల గారి "అహ నా పెళ్ళంట"లో పిసినారి దగ్గర పనిచేసే అరగుండుగా వేసి ఇంటింటికీ చుట్టమైపోయారు. లెక్కకు మిక్కిలి చిత్రాలలో నటించి గిన్నిస్ పుస్తకానికి ఎక్కారు. 2009లో పద్మశ్రీ అందుకున్నారు. అంటే ముప్ఫై అయిదేళ్ళకు పైగా మనల్ని నవ్వించి, అప్పుడు ఒక్కసారి "నా దుఃఖం కూడా చూడండి" అని మన ముందుకు వచ్చారన్నమాట. నటించడం ఆయనకు కష్టమై ఉండదు. నమ్మడమే మనకు కష్టం.

ఈ ఇబ్బంది మన తెలుగువాళ్ళకే కాదు, ఎక్కడైనా ఉన్నదే. జపాన్‌లో ఇద్దరు మనుషులు ఎదురెదురుగా మాటలు విసురుకొంటూ నవ్వించే కళ ఒకటి ఉంది. దానిని మంజాయ్ అంటారు. మన సుత్తి జంట హాస్యం తలచుకోండి, ఇంచుమించు అలాంటిదే. ఆ కళలో పేరు మోసిన వ్యక్తి తకేషి కితానో. 1983లో ఒషిమా అనే దర్శకుడు తీసిన యుద్ధకాలపు చిత్రంలో ఆయనకు ఖైదీల శిబిరంలో సార్జెంటు పాత్ర దొరికింది. ఏమాత్రం నవ్వులేని పాత్ర అది. చిత్రం ఆడుతుండగా తానూ వెళ్ళి ప్రేక్షకుల మధ్య కూర్చున్నాడు. తెర మీద తన ముఖం కనపడగానే హాలంతా గొల్లుమని నవ్వింది. పాపం, ఆ మనిషికి ప్రాణం చచ్చిపోయినంత పనయింది. ఇక సినిమాల్లో గంభీరమైన పాత్రలే, దుర్మార్గుల పాత్రలే వేస్తానని పట్టు పట్టాడట. టెలివిజన్‌లో మాత్రం హాస్యం మానలేదు. 1997లో ఆయన స్వయంగా తీసి, నటించిన "హనా-బి" వెనిస్ ఉత్సవంలో అగ్ర బహుమతి గెలుచుకుంది. ఆ నవ్వు ఆగడానికి ఇంచుమించు పద్నాలుగేళ్ళు పట్టిందని అనుకోవచ్చు.

మన సుత్తివేలు గారి సంగతీ అంతే. 1982లో జంధ్యాల గారి "నాలుగు స్తంభాలాట"తో వీరభద్రరావు గారికీ, వేలు గారికీ "సుత్తి" ఇంటిపేరైపోయింది. ఆ రోజుల్లో ఎవరైనా విసిగిస్తే "సుత్తి కొట్టకు" అనడం ఊరూరా వాడుక అయింది. అటువంటి వేలు గారికి 1985లో టి.కృష్ణ గారు "ప్రతిఘటన" చిత్రంలో దుర్మార్గుల చేతిలో నలిగి మతి చలించిన కానిస్టేబులు పాత్ర ఇచ్చారు. నేను ఆ చిత్రాన్ని చాలా ఏళ్ళ తర్వాత టీవీలో చూశాను. ఆ బక్కపలచని మనిషి, ఆ గొంతు, ఆ మాటల జోరు అన్నీ మనకు తెలిసినవే. కాని అవే మాటలు ఇక్కడ నవ్వు తెప్పించవు. గుండెలో గుచ్చుకొంటాయి.

ఆడవాళ్ళ మాట ఎత్తకపోతే ఎలా? కోవై సరళ గారిని బ్రహ్మానందం పక్కన గయ్యాళి భార్యగా చూసి మనం ఎంత నవ్వుకున్నామో! ఆమె 2022లో "సెంబి" అనే తమిళ చిత్రంలో కొండ ప్రాంతపు ముసలమ్మగా వేశారు. పదేళ్ళ మనుమరాలికి జరిగిన ఘోరాన్ని కడుపులో పెట్టుకొని, ఆ పిల్లను కాపాడుకొనే అవ్వ పాత్ర అది. ఆ చిత్రం చూసినవాళ్ళెవరికీ పాత అరుపులు గుర్తుకు రావు.

ఇంతకీ హాస్యనటులు కన్నీరు పెట్టించే పాత్రలను అంత బాగా ఎలా చేయగలుగుతారు? నాకు తోచింది చెబుతాను. నవ్వించడానికి మాట ఎప్పుడు అనాలో తెలియాలి. అంతకంటే ముఖ్యంగా ఎప్పుడు ఆగాలో తెలియాలి. ఎదుటివాడి మాట చెవి ఒగ్గి వినాలి. ఒక క్షణం ముందయినా, ఒక క్షణం ఆలస్యమైనా నవ్వు పండదు. దుఃఖానికీ అదే లెక్క. అంచేత వాళ్ళ దగ్గర పనిముట్లన్నీ ముందే ఉన్నాయి. మారవలసింది చూసేవాళ్ళ కన్ను.

ఒక్క ముఖానికే కాదు, మాటకూ ఇటువంటి ముద్ర పడుతుంది. మాది తాండూరు పక్కన యాలాల్. కాగ్నా వాగు దాటితే మా మాటలో సగం కన్నడం కలుస్తుంది. చాలాకాలం సినిమాల్లో మన తెలంగాణ మాట వినపడిందంటే, అది రౌడీ నోటనో, హాస్యగాడి నోటనో అన్నట్టుగా ఉండేది. 2023లో "బలగం" వచ్చింది. తీసిన వేణు యెల్దండి గారు హాస్యనటులు. ముఖ్యపాత్ర వేసిన ప్రియదర్శి కూడా 2016లో "పెళ్ళిచూపులు"లో నవ్వించి పేరు తెచ్చుకొన్నవాడే. తాత చనిపోతే పిట్ట ముద్ద ముట్టని ఇంటి కథను ఆ మాటతోనే చెప్పి ఊరూరా జనాన్ని ఏడిపించారు.

ఇక మా ఇంటి ముచ్చట. యాలాల్‌లో మాకు ఒక మేనత్త ఉండేది. పెళ్ళయినా, పేరంటమయినా ఆమె వస్తేనే కళ. వియ్యపురాలి నడక నడిచి చూపించేది. పట్వారి దగ్గు దగ్గేది. ఆమె నోరు విప్పితే చాలు, నాపరాళ్ళ వాకిట్లో కూర్చున్నవాళ్ళంతా పొట్ట చెక్కలయ్యేలా నవ్వేవాళ్ళు. సుమారు పదిహేనేళ్ళ క్రితం మా పినతండ్రి కూతురి పెళ్ళికి నగరానికి వచ్చింది. రాత్రి భోజనాలయ్యాక గోడకు ఆనుకొని కూర్చొని, "బిడ్డా, గుండెల మీద బండ వెట్టినట్టుందే" అంది.

అక్కడున్న పదిమందీ నవ్వారు. నేను ఊరుకోవచ్చు గదా! "తాండూరు బండా అత్తా, షాబాద్ బండా?" అన్నాను. అందరూ ఇంకా నవ్వారు. ఆమె కూడా నవ్వింది. నవ్వి, కొంగుతో ముఖం తుడుచుకొని, "తాండూరుదేనే, మనూరిదాయె" అంది. ఒళ్ళంతా చెమట పట్టి ఉంది. నేను చూశాను. పెళ్ళి హడావిడి, వంటిళ్ళ వేడి అనుకున్నాను.

తెల్లవారుజామున వాంతులు మొదలైతే అప్పుడు పరుగెత్తి ఆస్పత్రికి తీసుకుపోయాం. రాత్రే గుండెపోటు వచ్చిందని డాక్టరు చెప్పాడు. దేవుడి దయవల్ల ప్రాణం దక్కింది గాని, మునుపటి మనిషి కాలేదు. నాలుగు మెట్లు ఎక్కితే ఆయాసం. మరో ఆరేళ్ళు బతికి పోయింది. ఒకసారి ఆమె మంచం పక్కన కూర్చొని, "ఆ రాత్రి నేను అట్లా అనకుండా ఉండవలసింది అత్తా" అన్నాను. ఆమె నా చెయ్యి పట్టుకొని, "నీ తప్పేముంది బిడ్డా, నేనే మీకు అట్ల అలవాటు జేసిన" అంది.

ఆ మాట ఇప్పటికీ నన్ను వదలలేదు. అలవాటు చేసింది ఆమె అయితే, ఆ అలవాటులో హాయిగా కూర్చున్నది మేము. ఆమె పెనిమిటి పోయినప్పుడు ఎట్లా తట్టుకుందో, రాత్రుళ్ళు నిద్ర పట్టేదో లేదో మాలో ఎవరమూ అడగలేదు. వచ్చిందంటే నవ్వించాలి, అంతే! ఆమెకు మేము ఒక్కటే వేషం ఇచ్చాం.

సందర్భం వచ్చింది గనుక ఒక ఆరోగ్య విషయం కూడా చెప్పనివ్వండి. ఆడవాళ్ళలో గుండెపోటు ఎప్పుడూ ఛాతీలో పెద్ద నొప్పిగానే రాదు. ఆయాసం, చల్లటి చెమటలు, వాంతి వచ్చినట్టుండడం, దవడలోనో వీపులోనో నొప్పి, ఎన్నడూ లేనంత నిస్సత్తువ ఇలా కూడా రావచ్చు. "గ్యాసు అయి ఉంటుందిలే" అనుకోకుండా వెంటనే 108కి ఫోను చేయాలి. తెల్లవారనిద్దామని ఆగవద్దు.

మన ప్రతి ఇంట్లోనూ ఇటువంటి మనిషి ఒకరు ఉంటారు. గలగలా మాట్లాడే ఆడపడుచో, పరిహాసాలాడే మరిదో, తరగతిలో అందరినీ నవ్వించి వచ్చే మన అబ్బాయో. ఒక్కోసారి మన ఆయనే కావచ్చు. వాళ్ళు ఎప్పుడైనా ఒక బరువైన మాట అంటే, అలవాటు చొప్పున మొదట మనకు నవ్వే వస్తుంది. రానివ్వండి, అది మన చేతిలో లేదు. కాని ఆ నవ్వు కాగానే దగ్గరికి వెళ్ళి, నలుగురిలో కాకుండా, ఒంటరిగా, "ఇందాక ఏదో అన్నావు, ఏమైంది?" అని రెండోసారి అడగడం మన చేతిలో ఉంది. నేను ఆ రాత్రి చేయని పని అదే.

మా చిన్నవాడికి ఆ రోజు ఏమి జవాబు చెప్పానో చెప్పి ముగిస్తాను. "అది నటనే నాన్నా. కాని నవ్వించేవాళ్ళకు కూడా ఏడుపు వస్తుంది. అప్పుడు మనం నవ్వకూడదు" అన్నాను. వాడు సరేనని తల ఊపాడు. వాడికి ఎంత అర్థమైందో తెలియదు గాని, మరునాడు బడి నుంచి వచ్చి, ఎప్పుడూ కోతివేషాలు వేసే తన స్నేహితుడు ఆ రోజు అన్నం తినలేదనీ, ఎందుకని తాను అడిగాననీ చెప్పాడు. నాకు చాలా సంతోషం కలిగింది.