గాజుతీగలో వెలుగుబాట
(హోసూరు సమావేశమున చదివిన ప్రసంగపాఠము)



మన పఠనమందిరమును, దానికి సుమారు 600 మీటర్ల దూరముననున్న విద్యార్థివసతిగృహమును ఆప్టికల్ ఫైబరు తీగతో కలుపవలెనని కార్యవర్గము తలపెట్టినది. సింగిల్‌మోడు కొనవలెనా, మల్టీమోడు కొనవలెనా అని నన్నడిగిరి. ప్రత్యుత్తరమునకు ముందు నా తప్పొకటి మీ యెదుట చెప్పుకొనవలసియున్నది.

కొన్ని సంవత్సరముల క్రిందట ఈ ప్రాంతమున ఒక విద్యాసంస్థవారు తమ రెండు భవనములను కలుపుటకై నా సలహా కోరిరి. నడుమ దూరము 700 మీటర్లు. ఇరుకొనల నమర్చు పరికరములు చౌకగా లభించునని మల్టీమోడు తీగ వేయించితిని. సెకనుకు 100 మెగాబిట్ల వేగమున కొంతకాలము పని చక్కగా సాగినది. 10 గిగాబిట్ల పరికరములు అమర్చిన దినముననే లోపము బయటపడినది. మరల నేల త్రవ్వి వేరు తీగ పరవవలసివచ్చెను. ఆ ధనము పిల్లల తలిదండ్రులిచ్చినది.

ఇక విషయమునకు వత్తము. ఈ రెండు తీగలలోను గాజు తంతువు వెలుపలి వ్యాసము 125 మైక్రానులే. భేదమంతయు వెలుగు నడచు నడిమి గాజునందున్నది. మల్టీమోడున అది 50 లేక 62.5 మైక్రానులు, సింగిల్‌మోడున సుమారు 9 మైక్రానులు మాత్రమే.

మన చంద్రచూడేశ్వరస్వామి కొండను తలచుకొనుడు. ఒక్కమారే దిగ నారంభించిన జనములో కొందరు మెట్లదారిని, కొందరు చుట్టుదారిని వత్తురనుకొందము. అందరును ఒక్కసారి క్రిందికి చేరరు. వెనువెంటనే రెండవ గుంపు బయలుదేరినచో, ముందరి గుంపులో వెనుకబడినవారు దానిలో కలిసిపోవుదురు. ఎవరే గుంపువారో తెలియదు. విశాలమైన నడిమి గాజులో వెలుగునకు అనేక మార్గములున్నందున సంకేతములు నట్లే ఒకదానిలో నొకటి కలిసిపోవును. దూరము పెరిగినకొలదియు, వేగము పెరిగినకొలదియు ఈ చిక్కు పెరుగును. సింగిల్‌మోడున ఒక్క మార్గమే యుండుటచే ఈ కలగలుపు లేదు.

ఈ విద్య వెనుక మన దేశీయుడొకడు కలడు. పంజాబులోని మోగాలో 1926లో జన్మించిన నరీందర్ సింగ్ కపానీ, లండనులో హాప్కిన్సుతో కూడి, గాజుతంతువుల కట్టద్వారా చిత్రములను పంపిన వృత్తాంతమును 1954లో ప్రకటించెను. గాజులోని మలినములను తొలగించినచో దూరవార్తలకు అది పనికివచ్చునని చార్లెస్ కావ్, హాక్‌హామ్ 1966లో చూపిరి. 1970లో కార్నింగ్ సంస్థవారు అట్టి గాజును సాధించిరి. కావ్‌కు 2009లో నోబెల్ బహుమానము లభించినది.

నేడు 1550 నానోమీటర్ల వెలుగు సింగిల్‌మోడున కిలోమీటరునకు సుమారు 0.2 డెసిబెల్ మాత్రమే తగ్గును. హోసూరునుండి కృష్ణగిరికి సుమారు 50 కిలోమీటర్లు గదా! అతుకుల నష్టమును విడిచినచో, అంత దూరము పోయినను పదింట ఒక పాలు వెలుగు మిగులును. మల్టీమోడున 850 నానోమీటర్ల వెలుగు కిలోమీటరునకే ఇంచుమించు సగమగును. పది కిలోమీటర్లలో వేయింట ఒక పాలే మిగులును.

అట్లని మల్టీమోడు నిరుపయోగమని చెప్పరాదు. ఒకే భవనములోపల, కంప్యూటర్ల గదులలో, 10 గిగాబిట్ల వేగమునకు ఓఎం3 రకము 300 మీటర్లు, ఓఎం4 రకము 400 మీటర్లు పనిచేయును. దాని పరికరములు చౌక. కాని తీగ మాత్రము సాధారణముగా సింగిల్‌మోడే చౌక. ఈ సంగతి నాడు నేను లెక్కింపనైతిని.

కావున నా సలహా యిది. మన 600 మీటర్లకు సింగిల్‌మోడే వేయవలెను. పరికరములను పదియేండ్ల తరువాత మార్చుకొనవచ్చును. పూడ్చిన తీగను మార్చుట సులభము కాదు. లోపలి తీగలలో సింగిల్‌మోడునకు పసుపుపచ్చ తొడుగు వాడుక. కాని వీధిలో వేయు తీగ తొడుగు తరచుగా నల్లగా నుండును. అందుచే రంగును నమ్మక, తొడుగుమీది అక్షరములను చదివి, 9/125 అని యుండిననే కొనవలెను. రెండు రకములను ఒకదానితో నొకటి అతుకరాదు. మల్టీమోడునుండి సింగిల్‌మోడునకు పోవునప్పుడు వెలుగులో అధికభాగము నశించును.

రాత్రివేళ మన పిల్లలు వసతిగృహమున కూర్చుండి, దూరమున నున్న ఉపాధ్యాయుని తెలుగు పాఠమును తడబాటు లేక వినవలెనన్నదే మన కోరిక. అందుకై మీరిచ్చు ప్రతి రూపాయియు ఒక్కమారే వ్యయము కావలెనని నా ప్రార్థన.