మైదానం మధ్యలోంచి కోచ్ పీఠానికి



ఫుట్‌బాల్‌లో గోల్ కొట్టినవారి పేరు అందరికీ గుర్తుంటుంది. ప్రత్యర్థి నుంచి బంతి లాక్కుని, ముందున్నవారికి అందించే మిడ్‌ఫీల్డర్‌ను మాత్రం తొందరగా మరిచిపోతాం. లీ కార్స్లీ అలాంటి ఆటగాడే.

1974లో ఇంగ్లండ్‌లోని బర్మింగ్‌హామ్‌లో పుట్టారు. డెర్బీ కౌంటీలో మొదలుపెట్టి బ్లాక్‌బర్న్, కోవెంట్రీ, ఎవర్టన్, బర్మింగ్‌హామ్ సిటీ క్లబ్బులకు ఆడారు. మళ్లీ కోవెంట్రీకి వచ్చి, 2011లో ఆట ముగించారు. అంతర్జాతీయంగా ఐర్లండ్ తరఫున 40 మ్యాచ్‌లు ఆడారు. 2004 డిసెంబరులో లివర్‌పూల్‌ను ఎవర్టన్ 1-0తో ఓడించినప్పుడు ఆ ఒక్క గోల్ ఆయనదే.

ఆట ముగించాక కుర్రాళ్లకు ఆట నేర్పడమే వృత్తిగా ఎంచుకున్నారు. కోవెంట్రీ, బ్రెంట్‌ఫర్డ్, మాంచెస్టర్ సిటీ వంటి క్లబ్బుల్లో యువ జట్లను తీర్చిదిద్దారు. 2021లో ఇంగ్లండ్ అండర్-21 జట్టు పగ్గాలు అందుకున్నారు. 2023 యూరోపియన్ టోర్నీలో ఆ జట్టు ఒక్క గోల్ కూడా ఇవ్వకుండా కప్పు గెలిచింది. 1984 తర్వాత ఇంగ్లండ్‌కు ఈ విభాగంలో అదే తొలి కప్పు. 2024లో కొన్నాళ్లు సీనియర్ జట్టుకు తాత్కాలిక కోచ్‌గా ఉండి, తిరిగి కుర్రాళ్ల దగ్గరికే వచ్చారు. 2025 ఫైనల్లో జర్మనీని 3-2తో ఓడించి కప్పు నిలబెట్టుకున్నారు.

మంచి గురువు కావడానికి పెద్ద స్టార్ అయి ఉండనక్కర్లేదు. ఆటను ఓపిగ్గా చదివిన అనుభవం, దాన్ని పంచే మనసు ఉండాలి. కార్స్లీలో ఆ రెండూ ఉన్నాయి.