విజయనగర రాజకుమారుడు: ఆట, అధికారము



మన నల్లగొండ, మహబూబునగరము జిల్లాలలో చెరువు క్రింద సేద్యము చేసిన పెద్దలకు నేను క్రొత్తగా చెప్పవలసినది లేదు. పూర్వము ఊరిలో ఎంత గొప్ప దొర యున్నను తూము ఎత్తుటకు పిలుచుచుండినది నీరటినే. నీటి లెక్క తెలిసినవాడు అతడు. ఈ మాట మనసున నుంచుకొని ఒక తెలుగు రాజకుమారుని వృత్తాంతము వినుడు.

విజయనగర జమీందారీ వంశమున 1905లో విజయానంద గజపతిరాజు జన్మించెను. లోకమున ఆయనకు విజ్జీ యను పేరు స్థిరపడెను. జమీందారీ అన్నగారిది. తాను కాశిలోని కుటుంబపు ఎస్టేటున నివసించి, అచట క్రికెట్టు మైదానము వేయించి, స్వంత జట్టును పోషించెను. 1930-31లో ఇంగ్లండు మేటి ఆటగాండ్రు హాబ్సును, సట్‌క్లిఫును రప్పించి మన దేశమునను సింహళమునను ఆడించెను. ఆటపై ఆయనకు గల ప్రేమ నిజమైనది; చేతిలోని ఆట మాత్రము అంతంతమాత్రము.

1932లో మన జట్టు ఇంగ్లండులో తొలి టెస్టు ఆడెను. యాత్రకు నాయకుడు పోరుబందరు మహారాజు. ఆయన తన ఆట యెంతటిదో తాను ఎరిగినవాడు. టెస్టునాడు తాను తప్పుకొని సి.కె. నాయుడుగారికి నాయకత్వమును విడిచెను. నాయుడుగారు నాగపురమున స్థిరపడిన తెలుగు కుటుంబమువారు, ఆ కాలమున మన దేశపు మేటి ఆటగాండ్రలో ఒకరు.

1936 యాత్రకు నాయకత్వము విజ్జీకి దక్కెను. దక్కించినది బోర్డులోని పలుకుబడి. నాయుడుగారు ఆయన క్రింద ఆడవలసివచ్చెను. మూడు టెస్టులలో రెండు ఓడితిమి. మాంచెస్టరులో మర్చంటు, ముష్తాకలీ తొలి జోడిగా 203 పరుగులు చేయుటచే ఆ టెస్టు ఓటమి లేక ముగిసెను. నాయకుడు ఆరు పర్యాయములు బ్యాటు పట్టి మొత్తము 33 పరుగులు చేసెను.

ఇంతకంటె బాధాకరమైనది వేరొకటి. 1933లో మన దేశమునకు తొలి టెస్టు శతకము సాధించిపెట్టిన లాలా అమర్‌నాథు, తన వంతును వెనుకకు నెట్టుచున్నారని కోపించి పరుషముగ మాటలాడెను. మొదటి టెస్టుకు ముందే ఆతనిని ఓడ యెక్కించి యింటికి పంపిరి. ఆ యాత్ర నడుచుచుండగనే విజ్జీకి ప్రభుత్వము సర్ బిరుదమిచ్చెను! విచారణ జరిపిన బోమాంటు సంఘము 1937లో నాయకత్వమును గట్టిగా తప్పుపట్టి, అమర్‌నాథును నిర్దోషిగ నెంచెను.

ఆట రాకపోవుట దోషము కాదు. పోరుబందరు మహారాజుకును అది అంతగా రాలేదు. పక్కన నాయుడుగారి వంటి వారుండగా కుర్చీ విడువలేకపోవుట, నా తలంపున, విజ్జీ చేసిన అసలు అపరాధము.

అయినను ఆయన జీవితము అంతటితో ముగియలేదు. 1937లో సంయుక్త రాష్ట్రములలో కొలదికాలము మంత్రిగా నుండెను. 1947లో సర్ బిరుదమును వదలుకొనెను. 1954లో క్రికెట్టు బోర్డు అధ్యక్షుడయ్యెను. అదే దశకమున ఆటగాండ్రను ఎంచు సంఘమునకు అధ్యక్షుడైనవాడు ఆ అమర్‌నాథే. 1958లో పద్మభూషణము లభించెను. 1962లో విశాఖపట్టణపు ప్రజలు ఆయనను లోకసభకు ఎన్నుకొనిరి. తెలుగువారి ఓటుతో సభలో కూర్చున్న ఆ రాజకుమారుడు 1965 డిసెంబరు 2వ తేదీన కాశిలో కన్నుమూసెను.