శాస్త్రవేత్త ప్రజల ముంగిటికి వచ్చుట
(చిట్టమూరు వార్షిక మహాసభయందు చేసిన ఉపన్యాసము)



పండితుడు తన విద్యను పండితులకే చెప్పవలెనా, పామరులకును చెప్పవలెనా యను ప్రశ్నను గూర్చి నాలుగు మాటలు మనవి చేయుటకు మీ యనుజ్ఞ వేడుచున్నాము.

మన సీమకు పులికాటు సరస్సు చేరువ. దాని కావల శ్రీహరికోట. 1971 అక్టోబరు 9వ తేదీన అచ్చట తొలి చిన్న రాకెట్టు లేచినది మొదలు, 2023 జూలై 14న చంద్రయానము-3 బయలుదేరు వరకు, ఎన్నియో అగ్నిరేఖలు ఈ యాకాశమున వెలిగినవి. చూచుట వేరు, తెలిసికొనుట వేరు. ఆ రెంటికి నడుమ వంతెన గట్టిన ఆచార్య యశ్ పాల్ గారి చరిత్రము నేటి మా విషయము.

వారు 1926 నవంబరు 26న నేటి పాకిస్తానములోని ఝంగ్ పట్టణమున జన్మించిరి. బొంబాయి టాటా పరిశోధనాలయమున విశ్వకిరణములను శోధించిరి. 1958లో అమెరికాలోని ఎం.ఐ.టి.యందు డాక్టరు పట్టమందిరి. 1973లో అహమ్మదాబాదు అంతరిక్ష ఉపయోగ కేంద్రమునకు ప్రథమ సంచాలకులైరి. వారి ఆధ్వర్యవముననే మన పల్లెలకు ఆకాశమునుండి పాఠము దిగివచ్చెను.

1975 ఆగస్టు 1 మొదలు 1976 జూలై 31 వరకు, అమెరికావారి ఏ.టి.ఎస్.-6 ఉపగ్రహము మూలమున ఆరు రాష్ట్రములలోని 2,400 పల్లెలకు టెలివిజను చేరెను. అందు ఆంధ్రప్రదేశ్ ఒకటి. తెలుగున కార్యక్రమములు ప్రసారమయ్యెను. కోళ్లగూళ్లకు వాడెడి తీగవలతో మూడు మీటర్ల గొడుగు కట్టి, దానిచే సుమారు 36,000 కిలోమీటర్ల యెత్తునుండి వచ్చు తరంగములను పట్టిరి. ఉదయము గంటన్నర బడిపిల్లలకు, సాయంకాలము రెండున్నర గంటలు సేద్యము, ఆరోగ్యము మొదలగు విషయములపై పెద్దలకు. ఉపగ్రహము పరుల సొత్తగుటచే ఏడాది నిండగనే ప్రసారములు నిలిచెను. కాని మారుమూల పల్లెకును శాస్త్రము చెప్పవచ్చునని రుజువయ్యెను.

పిమ్మట 1991 నుండి దూరదర్శన్‌లో ‘టర్నింగ్ పాయింట్’ అను కార్యక్రమమున వారే తెరమీదికి వచ్చిరి. దేశము నలుమూలలనుండి బాలురు, బాలికలు వ్రాసిన ప్రశ్నలకు ఇంటిలోని పెద్దవలె సమాధానము చెప్పిరి. ప్రశ్నోపనిషత్తున ఆరుగురు జిజ్ఞాసువులు పిప్పలాద మహర్షి నాశ్రయించి, ఒక సంవత్సరము నియమముతో వేచిన పిదపనే ప్రశ్నించిరి. ఇచ్చట నొక ఉత్తరము చాలెను! విధము మారెను గాని ధర్మము మారలేదు. ప్రశ్నయే విద్యకు ద్వారము.

1980 ఫిబ్రవరి 16న తెలుగు గడ్డమీదనే సంపూర్ణ సూర్యగ్రహణము పట్టినప్పుడు పెక్కుమంది తలుపులు బిగించుకొని కూర్చుండిరి. 1995 అక్టోబరు 24నాటి గ్రహణమును యశ్ పాల్ గారు దూరదర్శన్‌లో ప్రత్యక్షముగా వ్యాఖ్యానించి, అది చంద్రుని నీడయే యని దేశమునకు బోధించిరి. ఇది మనకు పరదేశపు మాట కాదు. క్రీ.శ. 499లోనే ఆర్యభటుడు గ్రహణములకు ఛాయయే కారణమని చెప్పియుండెను. మన పూర్వుల మాటను మనము మరచితిమి. వారు జ్ఞప్తికి దెచ్చిరి.

తెరమీద గడపిన కాలము పరిశోధనకు నష్టమని కొందరందురు. పరిశోధనకు ఏకాంతము వలయును, నిజమే. కాని ప్రజల ధనముతో సాగు విద్య ప్రజల భాషలో నొక్కమాటైన పలుకకున్న, ఋణము తీరునా? 1993లో వారి యధ్యక్షతను వెలువడిన ‘భారము లేని విద్య’ నివేదిక, పిల్లలకు సంచి బరువుకన్న అర్థముకాని పాఠపు బరువే హెచ్చని తెలిపెను. ఏండ్ల తరబడి బడిలో నిలిచిన మేము ఆ మాటకు సాక్ష్యము పలుకగలము. వల్లించిన పిల్లవాడు పరీక్ష గట్టెక్కును. అడిగిన పిల్లవాడు జీవితమును గట్టెక్కించును.

2017 జూలై 24న ఆ మహనీయుడు పరమపదించెను. వారికి మనము చేయదగిన తర్పణ మేమి? పోషకులు ఉదారముగ నిచ్చు ధనములో కొంత విజ్ఞానశాస్త్రము చదువు బీద విద్యార్థులకు, అందును ముఖ్యముగా బాలికలకు, ప్రత్యేకింపవలెను. వచ్చు మహాసభనుండి ఒక గడియ పిల్లల ప్రశ్నలకు విడువవలెను. మనలో శాస్త్రము చదివి దూరదేశములకు వెళ్లినవారు ఊరికి వచ్చినప్పుడు, సన్మానపు శాలువతో పాటు ఆ ప్రశ్నలను గూడ స్వీకరించి తెలుగున సమాధానము చెప్పవలెను.

శ్రీహరికోట వెలుగు మన కన్నులకు చాలదు, మన బిడ్డల బుద్ధికిని సోకవలెను.

స్వస్తి.